ఏనుగుల వీరాస్వామయ్య జీవితము – రాజకీయ భూగోళ దృష్టి

ఒక దేశపు రాజకీయ చరిత్రను తెలిసికొనుటకు సంధిపత్రములు, శాసనములు, ప్రభుత్వ లేఖలు ప్రధానాధారములు. ఏ సంవత్సరమున ఏ సీమ ఎవరి వశమైనదో అవి నిర్ణయించి చెప్పగలవు. కాని ఆ ఏలుబడి ఆ సీమలో నడచిపోవు సామాన్యునకు ఎట్లు కనిపించినదో, ఒక రాజ్యము ముగిసి మరియొక రాజ్యము మొదలగు చోట బాట, నీరు, అంగడి, సుంకము, రక్షణ ఎట్లు మారినవో అవి చెప్పవు. అందుకు యాత్రికుల వ్రాతలే శరణ్యము. తెలుగున అట్టి వ్రాతలలో మొదట పేర్కొనదగినది ఏనుగుల వీరాస్వామయ్య కాశీయాత్ర చరిత్ర. గ్రంథకర్త జీవితమును, అతడు దాటిపోయిన రాజ్యముల స్థితిని కలిపి పరిశీలించినప్పుడే ఈ గ్రంథపు విలువ పూర్తిగా బోధపడును.

హైదరాబాదు నుండి నాగపురమునకు పోవు ప్రాచీనమైన ఉత్తరపు బాట మేడ్చల్, రామాయంపేట, భిక్కనూరు, కామారెడ్డి మీదుగా ఇందల్వాయి కనుమ దాటి, ఆర్మూరు చేరి, గోదావరిని గడచి నిర్మల మార్గమున సాగును. నేటి 44వ సంఖ్య జాతీయ రహదారి స్థూలముగా ఈ దారినే అనుసరించుచున్నది. కామారెడ్డి జిల్లాలోని సదాశివనగర్ మండల కేంద్రము ఈ రహదారిపైననే కలదు. నేడు వాహనములు కొన్ని గంటలలో దాటిపోవు ఈ సీమను 1830వ సంవత్సరపు వానకాలమున సుమారు నూరుమంది పరివారముతో, పల్లకీలతో, బోయీలతో దాటిన యాత్రికుడు వీరాస్వామయ్య.

జననము – విద్యాభ్యాసము

వీరాస్వామయ్య 1780 ప్రాంతమున చెన్నపట్టణమున నియోగి బ్రాహ్మణ కుటుంబమున జన్మించినాడు. తండ్రి పేరు సామయమంత్రి. తొమ్మిదవ యేటనే పితృవియోగము కలుగుటచే కుటుంబభారము బాల్యముననే ఇతనిపై పడినది. పండ్రెండవ యేట కంపెనీవారి వర్తక బోర్డు కార్యాలయమున జీతము లేని ఉద్యోగిగా చేరి, ఇంగ్లీషు నేర్చి, క్రమముగా లౌక్యవ్యవహారములలో ఆరితేరినాడు. తిరునెల్వేలి ప్రాంతమున కొంతకాలము దుబాసీగా పనిచేసి మరల చెన్నపట్టణము చేరినాడు. తెలుగు, తమిళము, ఇంగ్లీషు, సంస్కృతములు ఇతనికి పరిచితములు.

చెన్నపట్టణమున 1801లో నెలకొనిన సుప్రీముకోర్టులో వీరాస్వామయ్య దుబాసీగా ప్రవేశించి ప్రధాన దుబాసీ పదవి నందుకొన్నాడు. ఆ కాలమున దుబాసీ పదవి కేవలము మాటలు మార్చి చెప్పు పని కాదు. ఒక ప్రక్క ఇంగ్లీషు న్యాయశాస్త్రము తప్ప దేశాచారము తెలియని న్యాయాధిపతి. మరియొక ప్రక్క తన భాష తప్ప ఆ న్యాయశాస్త్రము తెలియని వాది, ప్రతివాది, సాక్షి. వీరి నడుమ నిలిచి రెండు లోకముల భావములను పొల్లు పోకుండ తూచి చెప్పవలసిన బాధ్యత దుబాసీది. కులాచారము, దాయభాగము, దేవాలయ మర్యాద మొదలగు విషయములలో ఒక మాట తప్పిన ఒక కుటుంబము నష్టపోవును. ఇట్టి ఉద్యోగము వలన అలవడిన నిశితమైన పరిశీలనము, సాక్ష్యమును వినికిడి నుండి వేరుచేయు అభ్యాసము, పిదప యాత్రారచనలో ఇతనికి మిక్కిలి తోడ్పడినవి.

యాత్రోద్యమము

1830 మే 18వ తేదీన వీరాస్వామయ్య చెన్నపట్టణము విడిచి కాశీయాత్రకు బయలుదేరినాడు. 1831 సెప్టెంబరు 3వ తేదీన తిరిగి ఇల్లు చేరినాడు. పదునైదు నెలలకు పైగా సాగిన ఈ యాత్రలో కుటుంబ స్త్రీలు, బంధువులు, పరిచారకులు, బోయీలు మొదలగువారు కలిసి సుమారు నూరుమంది ఇతని వెంట నుండిరి. ఆవిరి బండ్లు మన దేశమునకు రాని కాలమది. మార్గమధ్యమున జ్వరము, వరద, దొంగల భయము నిత్యమై ఉండెడివి. కాశికి పోయినవాడు తిరిగి వచ్చుట అరుదని లోకము భావించిన దినములలో, ఇంతమంది ప్రాణములను తన పూచీపై నడిపించుట సామాన్యమైన సాహసము కాదు.

ప్రతి మజిలీ విశేషమును వీరాస్వామయ్య వ్రాసిపెట్టి, తన మిత్రుడైన కోమలేశ్వరపురము శ్రీనివాసపిళ్ళకు పంపుచు వచ్చినాడు. గ్రామమునకు గ్రామమునకు గల దూరము, బాట రాతినేలయో రేగడియో అను సంగతి, చెరువు, బావి, నది, అంగళ్ళలో దొరకు వస్తువులు, దిగుటకు తగిన సత్రము లేక ఇల్లు – ఈ విషయములు ఇతని వ్రాతలో తప్పక కనిపించును. పుణ్యక్షేత్ర మాహాత్మ్యములతో పాటు ఆ క్షేత్రముల ఆదాయవ్యయములను, వానిపై ప్రభుత్వాధికారమును గూడ ఇతడు గమనించినాడు. ధర్మబుద్ధియు వ్యవహారబుద్ధియు ఒకే వ్యక్తిలో కలిసి ఉండుటయే ఈ రచనకు గల ప్రత్యేకత.

మార్గము – రాజ్యముల పటము

వీరాస్వామయ్య నడచిన మార్గమును కంపెనీ రాజ్యవిస్తరణ కాలపట్టికతో సరిచూచినచో ఒక విశేషము స్పష్టమగును. ఇతడు దాటిన సీమలలో పెక్కు వేర్వేరు సంవత్సరములలో, వేర్వేరు ఒడంబడికలచే, వేర్వేరు ప్రభువుల చేతులనుండి మారినవే. చెన్నపట్టణమున కంపెనీవారు 1639లో స్థలము సంపాదించిరి. తిరుపతి ప్రాంతము ఆర్కాటు నవాబు రాజ్యముతో పాటు 1801లో వారి వశమైనది. కడప మండలమును అంతకు ముందు సంవత్సరము 1800లో నిజాము తన సహాయ సైన్యపు ఖర్చులకై కంపెనీకి దత్తము చేసినాడు. దత్తమండలములలో రెవెన్యూ పద్ధతిని నెలకొల్పిన థామస్ మన్రో 1827లో పత్తికొండలో కలరా వ్యాధిచే మరణించి అప్పటికి మూడేండ్లు మాత్రమే అయినది.

అహోబిలము, శ్రీశైలముల దిక్కున మరల స్వదేశ ప్రభుత్వము ఎదురైనది. కందనూరు నవాబు అప్పటికి కంపెనీకి కప్పము కట్టుచు ఏలుచుండెను. అతని రాజ్యము 1839లో గాని అంతరింపలేదు. కృష్ణానది దాటిన పిమ్మట నిజాము రాజ్యము. గోదావరి కావల, అడవులు దాటగా నాగపుర భోంసలే రాజ్యము. అచ్చట 1817 – 18 సంవత్సరముల యుద్ధమున అప్పాసాహేబు ఓడి పదభ్రష్టుడు కాగా, బాలుడైన మూడవ రఘూజీని కంపెనీవారు గద్దెనెక్కించి, పెక్కేండ్లు తామే పాలన నడిపిరి. ఆ యుద్ధ ఫలముగనే జబల్పూరుతో కూడిన సాగర నర్మదా సీమలు 1818లో కంపెనీ ఏలుబడిలోనికి వచ్చినవి. ఆ బాటలలో బాటసారులను వంచించి చంపెడి ఠగ్గులను అణచుటకు స్లీమన్ పూనుకొన్నది సరిగా ఈ యాత్రాకాలముననే.

తరువాత రీవా సంస్థానము. దానిని దాటి ప్రయాగ. ప్రయాగను అయోధ్య నవాబు 1801లో ఇచ్చివేసినాడు. కాశీ 1775లోనే కంపెనీవారికి సంక్రమించినది. గయ, పాట్నాలతో కూడిన బీహారమునకు, కలకత్తా రాజధానిగా గల వంగదేశమునకు 1765 నాటి దివానీ ఆధారము. తిరుగు ప్రయాణమున చూచిన జగన్నాథ క్షేత్రము 1803లో భోంసలే చేతినుండి కంపెనీకి చిక్కినది. గంజాము మొదలు దక్షిణమునకు గల ఉత్తర సర్కారులు 1765 నాటి ఢిల్లీ పాదుషా ఫర్మానా, 1766 నాటి నిజాము ఒడంబడికలచే లభించినవి. గుంటూరు మాత్రము 1788లో చేరినది. నెల్లూరు మరల 1801 నాటి ఆర్కాటు భాగము. ఈ విధముగా ఒక్క కాశీయాత్ర రెండు శతాబ్దముల రాజ్యపరిణామమునకు చుట్టు గీచిన గీత వంటిదైనది.

ఆ దశాబ్దమున ఆసియా ఖండమంతట సరిహద్దులు ఇట్లే మారుచుండెను. 1824లో ఇంగ్లీషువారు, డచ్చివారు మలయా ద్వీపకల్పమును, సుమత్రా మొదలగు దీవులను పంచుకొనిరి. 1826 నాటి యాండబూ సంధిచే బర్మా రాజు అరకాను, తెనాసరీములను కోల్పోయినాడు. 1828లో పర్షియా రాజు తుర్కమన్‌చాయ్ సంధిచే అరాక్స్ నదికి ఉత్తరమున గల సీమలను రష్యాకు విడిచినాడు. వీరాస్వామయ్య చూచిన కలకత్తా ఈ బర్మా యుద్ధమును నడిపిన రాజధాని; కంపెనీ చీనా వర్తకమునకును ముఖ్యస్థానము. కనుక ఇతని గ్రంథము ఒక దేశపు యాత్రాకథయే అయినను, ఆసియా ఖండమున పాత రాజ్యములు సడలి క్రొత్త ఏలుబడి బలపడుచున్న సంధికాలమునకు దేశభాషలో వెలసిన సాక్ష్యముగా గ్రహింపదగినది.

నైజాము సీమ – ఉత్తరపు బాట

నిజాము రాజ్యమున వీరాస్వామయ్య ప్రయాణము ఈ గ్రంథమున ముఖ్యమైన భాగము. 1829 మే నెలలో నాసిరుద్దౌలా గద్దెనెక్కి ఏడాది గడచినది. రాజ్యభారము నిజముగా వహించినవాడు చందూలాలు. అంతకు పూర్వము రెసిడెంటు మెట్‌కాఫు జిల్లాలపై నియమించిన ఇంగ్లీషు పర్యవేక్షకులను క్రొత్త నిజాము 1829లో తొలగింపించినాడు. సహాయ సైన్యము, కంటింజెంటు దళముల ఖర్చు, సాహుకారుల అప్పు ఖజానాను క్రుంగదీసినవి. శిస్తు వసూలును గుత్తకు ఇచ్చు పద్ధతి ప్రబలి, గుత్తదారుకు తన గడువులో సొమ్ము రాబట్టుటయే పరమార్థమైనది.

హైదరాబాదు నగరమున ఆయుధధారుల విచ్చలవిడితనమును, న్యాయవిచారణ లోపమును వీరాస్వామయ్య కఠినముగా విమర్శించినాడు. హుసేనుసాగరము చెంతనున్న కంపెనీ దండుకును, పాత నగరమునకును వ్యవస్థలో గల భేదమును స్పష్టముగా గుర్తించినాడు. అయినను చందూలాలు దానశీలమును విస్మరింపలేదు. ఒకే చోట రెండు అధికారములు ప్రక్కప్రక్కన నడచిన ఆనాటి హైదరాబాదు స్థితికి ఈ వర్ణన ముఖ్యాధారము.

నగరము విడిచి ఉత్తరమునకు సాగిన బాట దోమకొండ సంస్థానపు సీమల మీదుగా పోవును. కామారెడ్డి, భిక్కనూరు పరిసరములు ఆ సంస్థాన చరిత్రతో ముడివడినవి. ఈ సీమ మంజీరా, గోదావరుల నడుమ గల మెట్టనేల. రాతిగుట్టలు, ఎర్రనేలలు, గుట్టల వాలులలో గొలుసుకట్టుగా త్రవ్విన చెరువులు దీని లక్షణములు. 1931లో నిజాంసాగరము పూర్తియగువరకు ఈ ప్రాంత వ్యవసాయమునకు చెరువే జీవనాధారము. చెరువు నిండిన యేడు ఊరిలో బియ్యము, అంగడి, బాటసారికి నీడ. కట్ట తెగి మరమ్మతు లేని యేడు ఊరు బీడు. అందుచేత ఒక గ్రామమున నీరు కలదా, దుకాణములు కలవా అని వ్రాసిన యాత్రికుడు, తెలిసియో తెలియకయో, ఆ గ్రామపు పాలనను గూర్చియే వ్రాసినట్లగును. సంస్థానాధిపతి, గుత్తదారు, దేశముఖు – వీరిలో ఎవరు చెరువును పట్టించుకొనిరో, ఎవరు విడిచిరో ఆ ఒక్క వాక్యమే తెలుపును. జిల్లాబందీ అను పాలనావిభజన 1865లో సాలార్‌జంగు చేయుటకు ముప్పదియైదేండ్లకు పూర్వపు స్థితి ఇది. ఆ కాలపు ఇందూరు సీమ మార్గమును గూర్చి తెలుగున వ్రాసిన ప్రత్యక్ష సాక్షి కావున, ఇతని రచన ఈ ప్రాంత చరిత్రకు మిక్కిలి విలువైనది.

ఇందల్వాయి కనుమ దాటినంతనే నేల గోదావరి వైపు దిగును. నిర్మల దాటిన పిదప అడవి హెచ్చి, తెలుగు క్రమముగా సన్నగిల్లి, గోండు, మరాఠీ భాషలు వినిపించును. రాజ్యపు సరిహద్దు ఒకచోట, భాష సరిహద్దు మరియొకచోట ఉండుట ఈ మార్గమున ప్రత్యక్షముగా తెలియును. పిదపటి కాలమున భాషారాష్ట్రముల నిర్మాణమునకు కారణమైన ఈ భేదము, రాజకీయ పటములలో లేకున్నను యాత్రికుని చెవికి అందినది.

రెండు కొలతలు

ఇదే బాటలో కొలది యేండ్లకు ముందు మరియొక భూగోళవేత్త ప్రాణము విడిచినాడు. చెన్నపట్టణపు చేరువన పరంగికొండ వద్ద 1802లో ఆధారరేఖను కొలిచి మహాత్రికోణమితి సర్వేకు పునాది వేసిన విలియం లాంబ్టన్, హైదరాబాదు నుండి నాగపురము పోవుచు 1823 జనవరి 20వ తేదీన హింగన్‌ఘాట్‌లో మరణించినాడు. లాంబ్టన్ బృందము గుట్టల శిఖరముల నుండి యంత్రములతో కోణములు కొలిచినది. వీరాస్వామయ్య లోయల వెంట మజిలీలను లెక్కించినాడు. మొదటి కొలత భూమి ఆకారమును, అక్షాంశములను నిర్ణయించి, కంపెనీ ఏలుబడికి పటమును సమకూర్చినది. రెండవ కొలత ఆ భూమిపై మనుష్యుడు బ్రతుకుటకు, నడచుటకు గల వీలును తెలిపినది. మొదటి దానికి ప్రభుత్వ ధనము, సైనికబలము, యంత్రములు తోడు. రెండవ దానికి ఒక ఉద్యోగి జిజ్ఞాస, మిత్రుని ఆదరము మాత్రమే తోడు.

అప్పటికే తెలుగువారు భూగోళ చరిత్ర విషయములందు శ్రమించుచుండిరి. మెకంజీ సర్వే వెంట కావలి సోదరులు గ్రామగ్రామమున కైఫీయతులు సేకరించిరి. వారిలో కావలి వెంకటరామస్వామి దక్కను నగరములను గూర్చి ఇంగ్లీషున వ్రాసిన గ్రంథము 1828లో కలకత్తాలో వెలువడినది. ఆ కృషి ఎక్కువగా దొరల అవసరమునకు, దొరల భాషకు ఉద్దేశింపబడినది. వీరాస్వామయ్య తన మిత్రునకు, తనవంటి యాత్రికులకు ఉపయోగింపవలెనని, చెన్నపట్టణపు తెలుగువారి వాడుకమాటలో వ్రాసినాడు. వ్యావహారికోద్యమము పుట్టుటకు పెక్కు దశాబ్దములకు పూర్వమే శాస్త్రవిషయమును వాడుకభాషలో చెప్పవచ్చునని ఈ రచన నిరూపించినది.

దృష్టిలోని పరిమితులు

వీరాస్వామయ్య సాక్ష్యమును స్వీకరించునపుడు అతని స్థానమును మరువరాదు. ఇతడు కంపెనీ న్యాయస్థానపు ఉన్నతోద్యోగి. ఆ పదవి వలన మార్గమున దొరల ఆదరము, సహాయము ఇతనికి లభించినవి. ఇంగ్లీషువారి ఏలుబడి దైవసంకల్పమని నమ్మినవాడు. కావున స్వదేశ సంస్థానముల లోపములు ఇతని కంటికి సులభముగా కనబడినవి. ఆ లోపములలో కొన్నింటికి సహాయ సైన్యపు భారమే మూలమను సంగతి అంతగా కనబడలేదు. నిజాము రాజ్యపు అప్పులు, గుత్త పద్ధతి ఎంతవరకు కంపెనీ ఒత్తిడి ఫలితములో విచారింపక, నగరపు అశాంతిని మాత్రమే చూచుట సమగ్రము కాదు. అంతియే కాక, బాటకు ఇరుప్రక్కల గల గ్రామములు తప్ప లోపలి పల్లెల రైతు బ్రతుకు ఇతని చూపునకు అందలేదు.

అయినను కంపెనీ పద్ధతులను ఇతడు కన్నులు మూసికొని చూచినాడనుట సరికాదు. ప్రయాగ, గయ, జగన్నాథ క్షేత్రములలో యాత్రికులపై కంపెనీవారు పన్ను వసూలు చేయుచుండిరి. అది 1840లో గాని రద్దు కాలేదు. తిరుమల దేవస్థానపు ఆదాయమును 1843 వరకు కంపెనీ కలెక్టరులే చూచుచుండిరి. శ్రీశైలమున నవాబు పన్ను, ప్రయాగలో కంపెనీ పన్ను – రెండింటిని చెల్లించి ముందుకు సాగిన యాత్రికునకు ఏలుబడుల భేదముతో పాటు వాని సామ్యము గూడ తెలిసినది. ప్రభువు ఎవరైనను భక్తుని మూట విప్పించుట మానలేదను సత్యము ఈ గ్రంథమును చదువువారికి స్ఫురింపక మానదు.

ఉత్తర జీవితము – గ్రంథప్రచురణము

యాత్ర నుండి తిరిగి వచ్చిన పిదప వీరాస్వామయ్య చెన్నపట్టణపు ప్రజాజీవితమున పాల్గొన్నాడు. దేశీయులలో విద్యావ్యాప్తికై 1833 ప్రాంతమున వెలసిన హిందూ లిటరరీ సొసైటీతో ఇతనికి సంబంధము కలదు. సి. పి. బ్రౌనుతో పరిచయముండి, అతని గ్రంథసేకరణ కృషికి తోడ్పడినాడు. 1836 అక్టోబరు 3వ తేదీన వీరాస్వామయ్య పరమపదించినాడు. అప్పటికి ఇతని యాత్రారచన అచ్చు కాలేదు.

మిత్రుని లేఖలను భద్రపరచిన శ్రీనివాసపిళ్ళ వానిని గ్రంథరూపమున కూర్చి, వీరాస్వామయ్య జీవితసంగ్రహమును చేర్చి, 1838లో చెన్నపట్టణమున ప్రకటించినాడు. ఈ శ్రీనివాసపిళ్ళయే తరువాత పచ్చయప్ప ధర్మసంస్థ నిర్వహణలో ప్రసిద్ధికెక్కినాడు. 1869లో రెండవ కూర్పు వెలువడినది. ఆ పిమ్మట చాలకాలము ఈ గ్రంథము దుర్లభమై యుండగా, దిగవల్లి వేంకటశివరావు విపులమైన పీఠికతో, వివరణములతో 1941లో మూడవ కూర్పు ప్రకటించి చరిత్రకారుల దృష్టికి తెచ్చినాడు. 1973లో ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర ప్రాచ్యలిఖిత పత్రాగారము ఇంగ్లీషు అనువాదమును ప్రచురించినది. శ్రీనివాసపిళ్ళ ఆ లేఖలను నిర్లక్ష్యము చేసియుండినచో, నాటి నిజాము సీమను తెలుగు కన్నులతో చూచిన ఈ సాక్ష్యము మనకు మిగిలెడిది కాదు.

ఉపసంహారము

వీరాస్వామయ్య దాటిన రాజ్యములలో కందనూరు నవాబు రాజ్యము 1839లో, నాగపుర రాజ్యము 1854లో, నిజాము రాజ్యము 1948లో అంతరించినవి. కంపెనీ ఏలుబడియే 1858లో ముగిసినది. ఆనాటి రాజకీయ పటమున ఒక్క గీతయు నేడు నిలిచి లేదు. నిలిచినవి అతడు శ్రద్ధగా వ్రాసిపెట్టిన బాట, నది, కనుమ, చెరువు, ఊరు. రాజ్యములను అవి ఏర్పడిన ఒడంబడికలచే గాక, బాటసారికి అవి సమకూర్చిన నీరు, నీడ, న్యాయములచే కొలుచుట వీరాస్వామయ్య చూపిన మార్గము. ప్రాంతీయ చరిత్ర రచించువారు ఈ కొలతతో గ్రామగ్రామమును మరల పరిశీలించినచో, ఇందూరు, కామారెడ్డి సీమల చరిత్రలో ఇంతవరకు వెలుగు చూడని పెక్కు విషయములు తేటపడగలవు.